పూజ మధ్యలో పదిసార్లు లేవకుండా ఉండాలంటే ఏం చేయాలి?

మా అమ్మాయికి నాలుగేళ్లున్నప్పుడు ఒక ఆదివారం బొమ్మలన్నిటినీ వరసగా కూర్చోబెట్టి పూజ ఆట మొదలుపెట్టింది. నాలాగే కళ్లు మూసుకుంది, నాలాగే పూరేకులు వేసింది. "ఓం శ్రీమాత్రే నమః... మూడో విజిల్ వచ్చింది, స్టవ్ కట్టేయండి... ఓం శ్రీమహారాజ్ఞ్యై నమః... తలుపు దగ్గర ఎవరో చూడండి..." అంటూ అన్నీ ఒకే గొంతుతో, ఒకే రాగంలో చదువుకుంటూ పోయింది. నామాలకూ కుక్కరుకూ తేడా ఉందని తనకు తెలియదు. రోజూ నా నోట విన్నది విన్నట్టే అప్పజెప్పింది. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

బెంగళూరులో మారతహళ్లి వైపు మేముండే అపార్టుమెంటులో తెలుగువాళ్లం కొందరం శుక్రవారాలు కలిసి లలితా సహస్రనామ పారాయణ చేస్తాం. కొత్తగా వచ్చినవారు ప్రసాదం తీసుకుంటూ అడిగే మాట ఎప్పుడూ ఒకటే: "ఇంట్లో కూర్చుంటే పూజ సాగదండీ, ఏదో ఒకటి అడ్డం వస్తుంది. మాకే భక్తి లేదేమో." భక్తి లేనివారికి ఆ బాధే ఉండదు. ఇబ్బంది చాలావరకు వేరే చోట ఉంటుంది. వేళ కుదరదు, సామాను చేతికందదు, మధ్యలో ఆగితే మళ్లీ ఎక్కడ అందుకోవాలో తెలియదు. ఈ మూడూ సరిచేసుకోగలిగినవే. నేను పండితురాలిని కాను. మా ఇంట్లో, ఇరుగుపొరుగు ఇళ్లలో నిలిచిన పద్ధతిని చెబుతున్నాను. ఇది నిత్యపూజకు మాత్రమే. వ్రతాలు, నోముల సంగతి చివర్లో చూద్దాం.

కావలసినవి

- చిన్న నోటు పుస్తకం, పెన్సిలు
- పెద్ద అక్షరాల స్తోత్ర పుస్తకం, అందులో గుర్తుకు పెట్టుకోవడానికి ఒక దారం
- మూత ఉన్న స్టీలు డబ్బా ఒకటి: వత్తులు, అగ్గిపెట్టె, కర్పూరం, అగరుబత్తులు, పసుపు, కుంకుమ, గంధం, అక్షతలు అన్నీ అందులోనే ఉండాలి
- గంట, పంచపాత్ర, ఉద్ధరిణి, కూర్చోవడానికి చాపో పీటో
- ముళ్ల గడియారం (టైము చూసుకోవడానికి ఫోను పనికిరాదు, ఎందుకో కింద చెబుతాను)
- గుమ్మానికి తగిలించడానికి ఒక అట్టముక్క

1. ముందు ఏడు రోజులు రాయండి, ఏమీ మార్చకండి

పూజలో ఎన్నిసార్లు లేచారో, ఎందుకు లేచారో, ఎన్నిసార్లు కూర్చున్నచోటి నుంచే కేకవేశారో పూజ అయ్యాక రెండు ముక్కల్లో రాసిపెట్టుకోండి. నా మొదటి వారం పేజీ ఇప్పటికీ దాచుకున్నాను: "సోమ: అగ్గిపెట్టె వంటింట్లో. కుక్కరు. మంగళ: పనమ్మాయి తలుపు. పాప సాక్సు. బుధ: ఫోను, మళ్లీ ఫోను, గేటు నుంచి ఇంటర్‌కం. గురు: వత్తులు అయిపోయాయి. పూలు ఫ్రిజ్‌లో మరిచాను..." అంతకుముందు నన్ను లేపుతున్నది ఇంట్లోవాళ్లేనని నమ్మాను. పేజీ చూస్తే, సగానికి సగం నేను తెచ్చుకోని వస్తువుల కోసమే లేచాను.

ఈ మెట్టు దాటేయకండి. మీ ఇంట్లో అసలు అడ్డంకి ఏదో తెలియకుండా ఫోను ఒక్కటే దాచినంత మాత్రాన పని జరగదు.

2. వేళ మార్చి చూడండి

బెంగళూరులో సూర్యోదయం జూన్ మొదట్లో 6 గంటలకు కొన్ని నిమిషాల ముందే అవుతుంది. జనవరి చివరికి వచ్చేసరికి 6.45 దాకా జరుగుతుంది. గడియారంలో ఒకే టైము పెట్టుకుంటే ఏడాదంతా వెలుగు ఒకేలా ఉండదు. ఇంట్లో పనుల వేళ మాత్రం మారదు. పాల ప్యాకెట్టు, చెత్త బండి, స్కూలు బస్సు, పనమ్మాయి ఎప్పుడు రావాలో అప్పుడే వస్తాయి. ఆ నాలుగూ ఎప్పుడు వస్తాయో కాగితం మీద రాసి, మధ్యలో కనీసం 20 నిమిషాల ఖాళీ ఎక్కడుందో వెతకండి.

చాలా ఇళ్లలో అలాంటి ఖాళీలు రెండే దొరుకుతాయి. ఒకటి వంట మొదలుకాకముందు, రెండోది స్కూలు బస్సు వెళ్లాక. బ్రాహ్మీ ముహూర్తం సూర్యోదయానికి 96 నిమిషాల ముందు మొదలై 48 నిమిషాల ముందు ముగుస్తుంది. అప్పుడు లేవగలిగినవారికి ఫోను, గుమ్మం గొడవే ఉండదు. రాత్రి పొద్దుపోయేదాకా విదేశాలవారితో ఆఫీసు మీటింగుల్లో కూర్చునేవారిని మాత్రం నేను ఆ వేళకు లేవమనను. నిద్రమత్తులో చేసే పూజకు ఆవలింతే పెద్ద అడ్డంకి.

ఖాళీ 10 నిమిషాలే దొరికితే గంధం, పుష్పం, ధూపం, దీపం, నైవేద్యం అనే పంచోపచారాలు చేయండి. షోడశోపచారాలను పరుగున ముగించడం కన్నా ఈ ఐదింటినీ నిండుగా చేయడమే మేలని నా గట్టి అభిప్రాయం. సహస్రనామ పారాయణను సెలవు రోజుకు పెట్టుకోవచ్చు.

3. సామాను రాత్రే సర్దండి

డబ్బా తెరిచి అన్నీ ఉన్నాయో లేదో చూసి పీట పక్కన పెట్టండి. ప్రమిదలో వత్తి వేసి ఉంచండి, నూనె మాత్రం పొద్దున పోయండి. పూలను తడిగుడ్డలో చుట్టి ఫ్రిజ్‌లో పెట్టి, స్నానానికి వెళ్లేముందే బయటికి తీయండి. ఇక్కడ పూలమ్మి "మొళ" అని కొలిచి ఇచ్చేది మన మూరే. నిత్యపూజకు ఒక మూర, కొన్ని విడిపూలు చాలు. గాంధీ బజారుకో కృష్ణరాజ మార్కెట్టుకో వెళ్లినవారు వారానికి సరిపడా తెచ్చి డబ్బాలకు ఎత్తుతుంటారు, కానీ మల్లె నాలుగో రోజుకు రంగు మారుతుంది. చామంతి నిలుస్తుంది.

సర్దారో లేదో తెలుసుకోవడానికి ఒక పరీక్ష ఉంది. దీపం వెలిగించకుండా పీట మీద కూర్చుని, ఆచమనం నుంచి హారతి దాకా ఒక్కొక్క పని పేరు చెప్పుకుంటూ దానికి కావలసిన వస్తువును చేత్తో తాకండి. చెయ్యి ఎక్కడ తడుముకుంటే రేపు అక్కడే లేస్తారు.

*జాగ్రత్త:* ఫ్యాను గాలికి దీపం కొండెక్కితే అపశకునమని చాలామంది వణికిపోతారు, తర్వాత పూజంతా ఆ దిగులుతోనే సాగుతుంది. మళ్లీ వెలిగించుకోండి, అంతే. ముందే ఫ్యాను ఆపి, దీపాన్ని కిటికీకి ఎదురుగా లేకుండా పెట్టుకోండి. పొగను పసిగట్టే అలారం పైకప్పుకు ఉన్న ఇళ్లలో దాని కిందనే అగరుబత్తి పెట్టకండి. కర్టెను, చీరకొంగు, చున్నీ దీపానికి తగలనంత దూరంలో ఉండాలి.

4. పొయ్యి ఆపేసి కూర్చోండి

ఇందులో రాజీ లేదు. కుక్కరు పొయ్యి మీద ఉన్నంతసేపు మీ చెవి విజిళ్లు లెక్కపెడుతూనే ఉంటుంది. ఒడిలో పాలు తాగుతున్న సాక్షాత్తు కృష్ణుణ్ణే దింపి, పాలు పొంగుతున్నాయని పొయ్యి దగ్గరికి పరుగెత్తింది యశోద. భాగవతం దశమ స్కంధంలోని ఆ ఘట్టంలో పెరుగుకుండ పగిలింది అప్పుడే. యశోదమ్మకే తప్పని పరుగు మనకు తప్పుతుందని అనుకోవద్దు. నైవేద్యం ముందే వండి మూతపెట్టి పక్కన ఉంచుకోండి. వండే వీలు లేనిరోజు అరటిపండు, బెల్లంముక్క, కాచిన పాలు, ఏదైనా సరే.

5. ఫోను

ఒకసారి నా ఫోను పొరపాటున పూజ పీట చివర ఉండిపోయింది. మోత ఆపి ఉంచాను కనుక మోగలేదు, వణికింది. ఆ వణుకు చెక్కపీటలోంచి పాకి, పక్కనే ఉన్న ఇత్తడి గంటను కదిలించింది. గంట నాలుక అంచుకు తగిలి సన్నగా, గలగలమని కొట్టుకుంది. నా చేతిలో పువ్వు అలాగే ఉంది. ఏ నామం దగ్గర ఉన్నానో ఎంత ఆలోచించినా గుర్తురాలేదు. మోత ఆపినంత మాత్రాన ఫోను ఆగినట్టు కాదని ఆ రోజే తెలిసింది.

మీ ఇంటి పరిస్థితిని బట్టి వీటిలో ఒకటి ఎంచుకోండి.

*అత్యవసర ఫోన్లు వచ్చే అవకాశం లేనివారు:* ఫోనును వేరే గదిలో మడతపెట్టిన తువ్వాలు మీద పెట్టి తలుపు వేయండి.

*ఊళ్లో పెద్దవాళ్లు ఉన్నవారు:* ఫోను పూర్తిగా ఆపకండి. ఆపితే వాళ్లకేమైనా అయిందేమోనన్న బెంగతోనే పూజంతా గడుస్తుంది. సెట్టింగుల్లో "డు నాట్ డిస్టర్బ్" తెరిచి అమ్మానాన్నలు, అత్తమామలు, పిల్లల స్కూలు నంబర్లకు మాత్రం అనుమతి ఇవ్వండి. అక్కడే వెంటనే రెండోసారి చేసినవారి ఫోను మోగేలా పెట్టుకునే వీలూ ఉంటుంది. మామూలు ఆండ్రాయిడ్ ఫోన్లలో 15 నిమిషాల లోపు, ఐఫోనులో 3 నిమిషాల లోపు అదే నంబరు నుంచి మళ్లీ వస్తే మోగుతుంది. ఇంట్లోవాళ్లకు "అవసరమైతే వెంటనే రెండోసారి చేయండి" అని చెప్పి ఉంచండి. ఒకసారి ఇంట్లో ఎవరిచేతనైనా ఫోను చేయించి, నిజంగా మోగుతోందో లేదో చూసుకోండి.

*స్తోత్రం ఫోనులోనే చూసి చదివేవారు:* అన్నిటికన్నా కష్టం ఇదే. నామం చదువుతుంటే దాని మీదే ఆఫీసు మెసేజీ వాలుతుంది, వేలు తెలియకుండానే అటు వెళ్తుంది. ముందే దింపుకుని ఫ్లైట్ మోడ్‌లో పెట్టి చదవండి. ఫ్లైట్ మోడ్‌లోనూ అలారం మోగుతుంది, ఆ వేళకు అలారాలు లేకుండా చూసుకోండి. పుస్తకం కొనుక్కుంటే ఇంకా మంచిది. అన్నిటికన్నా మంచిది, రోజూ చదివే అష్టోత్తరాన్ని మీ చేత్తో ఒక నోటు పుస్తకంలో రాసుకోవడం. 108 నామాలు రోజుకు పన్నెండు చొప్పున రాస్తే తొమ్మిది రోజుల్లో అయిపోతాయి. మీ దస్తూరీలో ఉన్న నామం దగ్గర కన్ను నిలిచినట్టు అచ్చులో నిలవదు.

పాట పెట్టుకుని వినేవారు పెదవులైనా కదపండి. వినడం మాత్రమే అయితే పాట దారి పాటది, మనసు దారి మనసుది.

6. గుమ్మం

అట్టముక్క మీద "పూజలో ఉన్నాము, పార్సిల్ ఇక్కడ పెట్టండి" అని కన్నడం, హిందీ, ఇంగ్లీషుల్లో రాసి గడియకు తగిలించండి. డెలివరీకి వచ్చేవాళ్లలో తెలుగు చదవగలిగేవారు తక్కువ. గేటు యాప్ ఉన్న అపార్టుమెంటుల్లో రావలసిన పార్సిళ్లకు ముందే అనుమతి ఇచ్చేయవచ్చు. చెత్త డబ్బా స్నానానికి ముందే బయట పెట్టండి. పనమ్మాయి వేళను పావుగంట జరపగలరేమో మర్యాదగా అడగండి. తనకు ఇంకో నాలుగిళ్లు ఉంటాయి, కుదరకపోతే జరగాల్సింది మన పూజే.

7. ఇంట్లోవాళ్లు

పిల్లలను కదలకుండా కూర్చోమంటే కూర్చోరు. పని ఇవ్వండి. గంట మోగించే పని నాలుగేళ్ల పిల్లకు బాగా నప్పుతుంది: ధూపదీపాల దగ్గర ఒకసారి, నైవేద్యానికి ఒకసారి, హారతికి ఒకసారి. కాస్త పెద్దవాళ్లకు ప్రతి "నమః"కు ఒక పూరేకు అందించే పని ఇవ్వచ్చు. మా అమ్మాయి అలా అందిస్తూ అందిస్తూ ఏడాది తిరిగేసరికి సగం అష్టోత్తరం నోటికి నేర్చుకుంది. ఈసారి కుక్కరు విజిళ్లు లేకుండా.

పెద్దవాళ్ల సంగతి వేరు. మంచంలో ఉన్న అత్తగారు మంచినీళ్లు అడిగితే లేవాలి. తల్లిదండ్రుల కాళ్లు పడుతున్న పుండరీకుడు, గుమ్మంలోకి వచ్చిన స్వామికి ఒక ఇటుక వేసి కాసేపు నిలబడమన్నాడు. పండరిపురంలో స్వామి ఇప్పటికీ ఆ ఇటుక మీదే నిలబడి ఉన్నాడు. అలాంటి పిలుపును అంతరాయాల లెక్కలో రాయకండి. వాళ్లకు కావలసినవి, మాత్రలు, నీళ్లు, కళ్లజోడు, పూజకు ముందే చేతికి అందేలా పెట్టి కూర్చోవడం మాత్రం మన చేతిలో పని.

8. ఆగే చోట్లు ముందే నిర్ణయించుకోండి

ఎంత సర్దుకున్నా ఏదో ఒకరోజు లేవక తప్పదు. అప్పుడు ఎక్కడ పడితే అక్కడ వదిలేసి పరుగెత్తకుండా, పూజలో ఆగదగిన చోట్లు తెలిసి ఉండాలి. మా ఇంట్లో పాటించేవి ఇవి:

- సంకల్పం, కలశపూజ పూర్తయ్యాక ఆగవచ్చు.
- అష్టోత్తరం పూర్తయ్యాక ఆగవచ్చు. మధ్యలో తప్పనిసరైతే పలుకుతున్న నామం "నమః" దాకా పూర్తిచేసి, పువ్వు వేసి లేవండి.
- ధూపం నుంచి హారతి దాకా ఆగకూడదు. ఐదారు నిమిషాల పనే అది. ఎవరు పిలిచినా ఆ కాస్తా అయ్యాకే. మంటకు, ప్రాణానికి సంబంధించిన పిలుపైతే మాత్రం ఏ చోటనీ చూడవద్దు.
- విష్ణు సహస్రనామంలో పూర్వపీఠిక, నామాలు, ఫలశ్రుతి, ఈ మూడింటి చివరా ఆగవచ్చు. మధ్యలో అయితే ఆ శ్లోకం ముగించి, పుస్తకంలో దారం పెట్టి లేవండి.
- జపమాల మధ్యలో లేస్తే మా పెద్దలు ఆ మాలను మొదటి నుంచి తిప్పేవారు. నేనూ అంతే.

తిరిగి వచ్చాక కాళ్లు కడుక్కుని, ఆచమనం చేసి, ఆగిన చోటు నుంచి అందుకోండి. నీళ్లు అందుబాటులో లేకపోతే కుడిచెవిని తాకడం ఆచమనంతో సమానమని మన సంప్రదాయం. తుమ్మినా, ఒక మాట మాట్లాడాల్సి వచ్చినా ఇదే చేయండి. చివర్లో "మంత్రహీనం క్రియాహీనం భక్తిహీనం" అని రోజూ చెప్పే శ్లోకాన్ని ఆ రోజు మరింత నెమ్మదిగా చెప్పండి. లోటు జరుగుతుందని తెలిసే పెద్దలు దాన్ని పూజలో భాగం చేశారు.

9. శరీరం కూర్చున్నా మనసు లేస్తే

ఆసనానికి అవతల నోటు పుస్తకం ఉంచండి. కరెంటు బిల్లు గుర్తొస్తే "బిల్లు" అని ఒక్క మాట రాసి వచ్చేయండి. పూజ దగ్గర పెన్సిలేమిటని కొందరు అన్నారు. ఆ ఒక్క మాట రాయకపోతే పదిహేను నిమిషాలు అదే మోస్తారు.

జపంలో మనసు జారితే మెట్టు దిగండి. జపం మూడు రకాలు: పైకి వినిపించేలా చేసేది వాచికం, పెదవులు మాత్రమే కదిలేది ఉపాంశు, లోపలే చేసేది మానసికం. మానసికం ఉత్తమమని విని అందరూ అక్కడే మొదలుపెడతారు. మనసు నిలవని రోజు ఉపాంశుకు, అదీ కుదరకపోతే వాచికానికి రండి. పక్క స్థలంలో బోరు వేస్తున్నా, ఎదురు ఫ్లాటులో గోడలు తొలుస్తున్నా వాచికమే మందు. శబ్దం మరీ భరించలేనంతగా ఉంటే ఆ రోజుకు ఇంట్లో దీపం పెట్టి, గుడికి వెళ్లి అక్కడ జపం చేసుకోండి. మల్లేశ్వరంలో కాడు మల్లేశ్వరుడి గుడి, బసవనగుడిలో దొడ్డ గణపతి గుడి, ఏవి దగ్గరైతే అవి.

తరచూ జరిగే పొరపాట్లు

నోరు మూసుకుని చేతులతో, "ఊఁ ఊఁ" అంటూ సైగలు చేయడం అన్నిటికన్నా పెద్ద పొరపాటు. మాట్లాడలేదన్న తృప్తి మనకు మిగులుతుంది. అవతలివారికి అర్థం కాక సైగలు పెరుగుతాయి, కోపమూ పెరుగుతుంది. మాట్లాడక తప్పకపోతే ఒక పూర్తి వాక్యం ప్రశాంతంగా చెప్పి, చెవి తాకి, పూజలోకి రండి.

మొదటి వారం బాగా సాగిందని రెండో వారమే కొత్త స్తోత్రాలు చేర్చడం ఇంకొకటి. కనీసం నెల రోజులు పూజ నిడివి పెంచకండి.

అడ్డుపడినందుకు పిల్లలను కసరడం మూడోది. పూజ అంటే అమ్మ కోప్పడే వేళ అని వాళ్ల మనసులో పడితే తీయడం చాలా కష్టం.

సరిగ్గా సాగుతోందో లేదో చూసుకోవడం

నెల తర్వాత మళ్లీ ఏడు రోజులు రాసి, పాత పేజీ పక్కన పెట్టి చూడండి. వస్తువుల కోసం లేవడం సున్నా కావాలి. కాకపోతే మూడో మెట్టుకు వెళ్లండి. ఫోను, గుమ్మం వారానికి ఒకటి రెండుసార్లకు తగ్గితే బాగున్నట్టే.

లెక్కకు అందనిదాన్ని చూడటానికి నేను ఒకటే అడుగుతాను. హారతి ఇచ్చేటప్పుడు కర్పూరం వెలుగు అమ్మవారి ముక్కుపుడక మీద పడి, అక్కణ్ణుంచి చెంప మీదికి జరుగుతుంది. ఈ రోజు అది చూశారా? చాలా ఏళ్లు నేను పళ్లెంలో కర్పూరం ఎంత మిగిలిందా అనే చూసేదాన్ని. కళ్లు పళ్లెం మీద ఉన్నాయంటే మనసు అప్పటికే వంటింట్లో ఉన్నట్టు.

వ్రతాల రోజు

వరలక్ష్మీ వ్రతం లాంటి రోజున పైపద్ధతి సరిపోదు. సంకల్పం చెప్పాక తోరగ్రంథి పూజ, కథ, నైవేద్యం అన్నీ ఒకదాని వెంట ఒకటి నడవాలి, మధ్యలో ఆగే విషయం మీ పురోహితుణ్ణి అడిగి తెలుసుకోండి. ఇక్కడ కన్నడిగుల ఇళ్లలోనూ ఆ శుక్రవారం పెద్ద పండుగే. ముందురోజు మార్కెట్లో పూల ధర బాగా పెరుగుతుంది కనుక చామంతులు బుధవారమే తెచ్చుకోండి. పేరంటానికి పిలిచేటప్పుడు "సాయంత్రం 5 తర్వాత" అని స్పష్టంగా చెప్పండి. తాంబూలం సంచులు గురువారం రాత్రే కట్టి గుమ్మం పక్కన పెట్టుకుంటే, పొద్దున ముందుగా వచ్చినవారికి ఇంట్లో మరో ఆడవారు బొట్టుపెట్టి అందించగలుగుతారు, మీరు పీట మీద నుంచి లేవనక్కరలేదు.